అంకెల సంకెళ్లు



కొండాపూరు అను పేరు మీరెరుగుదురు. హైదరాబాదునకు పడమటి ప్రక్కను, శేరిలింగంపల్లి మండలములో, బండరాళ్ల నడుమ ఒదిగియుండిన పల్లె అది. 1998 నవంబరు 22న దాని చెంతనున్న మాదాపూరులో సైబర్ టవర్స్ అను భవనము ప్రారంభింపబడెను. అటుతరువాత కొద్ది సంవత్సరములలోనే ఆ ప్రాంతమంతయు ఎత్తైన మేడలతో నిండిపోయెను. ఇక్కడి యువతీయువకులు దినమంతయు కంప్యూటరుల యెదుట కూర్చుండి, సున్న, ఒకటి అను రెండు అంకెలు ఆధారముగా దేశదేశముల బ్యాంకులను, ఆసుపత్రులను, విమానములను నడిపించు ప్రోగ్రాములు వ్రాయుచున్నారు. ఒక్క అంకె తప్పినను పని నిలిచిపోవునని వారికంటె బాగుగా ఎరిగినవారు లేరు.

అయినను సాయంకాలమైన తరువాత అదే యువకుడు సంఖ్యాశాస్త్రజ్ఞుని యెదుట చేతులు కట్టుకొని కూర్చుండుచున్నాడు. తన బిడ్డ పేరులో ఇంగ్లీషు "ఏ" అక్షరము ఒకటి ఉండవలెనా, రెండు ఉండవలెనా అని అడుగుచున్నాడు. పగలు అంకెకు యజమానుడు, రాత్రి అంకెకు దాసుడు! ఈ దాస్యమును గూర్చియే నేడు మీతో మాటలాడవలసియున్నది. ఇది నవ్వి విడిచిపెట్టదగిన వేడుక కాదు. దీని మొదటి మెట్టు మీద నవ్వు ఉన్నది. కడపటి మెట్టు మీద నెత్తురు ఉన్నది.

ఈ విద్య యొక్క పద్ధతి తెలిసికొనుట కష్టము కాదు. ఇంగ్లీషు అక్షరములలో ఒక్కొక్కదానికి ఒక్కొక్క అంకెను నియమించుదురు. పేరులోని అంకెలన్నిటిని కూడి, వచ్చిన మొత్తములోని అంకెలను మరల కూడి, ఒకే అంకెకు దింపుదురు. 1 సూర్యుడు, 2 చంద్రుడు, 3 గురువు, 4 రాహువు, 5 బుధుడు, 6 శుక్రుడు, 7 కేతువు, 8 శని, 9 కుజుడు. పుట్టిన తేదీని కూడ ఇట్లే కూడుదురు. పేరు అంకెకును తేదీ అంకెకును పొత్తు కుదరనియెడల పేరులో ఒక అక్షరము చేర్చుదురు, లేదా తీసివేయుదురు. అప్పటికిని కష్టము తీరనియెడల రాగిరేకు మీద యంత్రము, మెడలో తాయెత్తు, వ్రేలికి ఉంగరము, బండికి మంచి సంఖ్య. ఆ విద్య అంతయు ఇంతే.

ఇది మన పూర్వఋషుల సొత్తని అనేకులు తలంచుదురు. మన పట్టణములలో విరివిగా వాడబడు పట్టికను కల్దీయుల విద్య యను పేరుతో లోకమున వ్యాపింపజేసినవాడు కీరో అను మారుపేరు పెట్టుకొనిన ఐర్లండు దేశస్థుడు. ఆయన 1866లో పుట్టి, ధనవంతుల చేతులు చూచి జీవనము చేసి, 1936లో చనిపోయెను. దీనికి పోటీగా పైథాగరసు పేరు మీద మరియొక పట్టిక కలదు. ఈ రెండు పట్టికలును ఒకదానితో ఒకటి ఏకీభవింపవు.

ఈ మాట ఊరకే నమ్మవద్దు. కాగితము తీసికొని మీరే లెక్క వేయుడి. కొండాపూర్ అను పేరునే ఇంగ్లీషు అక్షరములలో వ్రాయుడి. కీరో పట్టిక చొప్పున కె 2, ఓ 7, ఎన్ 5, డి 4, ఏ 1, పి 8, యు 6, ఆర్ 2. మొత్తము 35. మూడును అయిదును కూడగా 8. అనగా శని! ఆ విద్యను నమ్మువారు మిక్కిలి భయపడు అంకె. ఇక రెండవ పట్టిక చొప్పున కె 2, ఓ 6, ఎన్ 5, డి 4, ఏ 1, పి 7, యు 3, ఆర్ 9. మొత్తము 37, దానిని కూడగా 10, మరల కూడగా 1. అనగా సూర్యుడు! ఊరు అదే, పేరు అదే, ఒక పట్టికలో శని, ఇంకొక పట్టికలో సూర్యుడు. "యు" అక్షరమునకు బదులు "ఓ" అక్షరమును రెండుమారులు వ్రాసినచో కీరో పట్టికలోనే మొత్తము 43 అయి, 7 అను కేతువు దిగివచ్చును. తెలుగులో వ్రాసినచో ఏ గ్రహమును రాదు, ఏలయనగా మన అక్షరములకు ఆ పట్టికలలో చోటే లేదు. కన్నతల్లి తన నోట పిలుచు పేరునకు ఫలము లేదట. పాస్‌పోర్టు మీది పరభాషా అక్షరములకు మాత్రము ఫలము కలదట! ఇది శాస్త్రమా? ఎటు త్రిప్పిన అటు తిరుగు కీలుబొమ్మ.

తేదీల సంగతియు ఇట్టిదే. 8, 17, 26 తేదీలలో పుట్టినవారు శని వశమున ఉందురని చెప్పుదురు. మన పంచాంగము చొప్పున దినము సూర్యోదయముతో ఆరంభమగును. ఆసుపత్రి పత్రము చొప్పున అర్ధరాత్రితో ఆరంభమగును. తెల్లవారుజామున మూడు గంటలకు పుట్టిన శిశువు ఆసుపత్రి లెక్కలో 8వ తేదీ బిడ్డ. ముసలమ్మ లెక్కలో ఇంకను నిన్నటి బిడ్డయే. శని ఏ లెక్కను అనుసరించును? కొండాపూరులో 9వ తేదీ ఉదయము 8 గంటలకు ఒక శిశువు పుట్టెననుకొనుడి. అదే నిమిషమున అమెరికాలోని డాలసు పట్టణమున దాని పినతల్లికి బిడ్డ పుట్టినయెడల అక్కడ 8వ తేదీ రాత్రి. ఒకే గడియలో పుట్టిన అన్నదమ్ములలో ఒకడు కుజుని చేతిలోను, ఒకడు శని చేతిలోను పడునా? 1752లో ఇంగ్లండువారు తమ కాలెండరును సవరించి, సెప్టెంబరు 2వ తేదీ మరునాడు 14వ తేదీ అని వ్రాసిరి. నడుమనున్న 11 తేదీలు లేకుండపోయెను. ఆకాశమున గ్రహములు ఒక్క అడుగైనను జరుగలేదు. ప్రభుత్వపు ఆజ్ఞ వలన తేదీలు మాత్రము జరిగెను. అట్టి తేదీలలో మనుష్యుని భాగ్యము దాగియున్నదని నమ్ముట ఎట్లు?

8 అంత చెడ్డ అంకెయైనచో మన దేశచరిత్రను ఒక్కసారి చూడుడి. 1948 సెప్టెంబరు 17న హైదరాబాదు సంస్థానపు సైన్యములు లొంగిపోయి, ప్రజలకు రజాకారుల బాధ తీరెను. 17 అనగా 8. 1950 జనవరి 26న భారత రాజ్యాంగము అమలులోనికి వచ్చి, అంటరానివారని త్రోసివేయబడినవారికిని సమాన పౌరసత్వము కలిగెను. 26 అనగా 8. సంవత్సరమునకు ఇట్టి తేదీలు 36 వచ్చును. కాబట్టి పదిమందిలో ఇంచుమించు ఒకరు ఆ తేదీలలోనే పుట్టుదురు. 140 కోట్లకు మించిన మన జనములో ఇట్టివారు ఇంచుమించు 14 కోట్లమంది! వారిలో వైద్యులున్నారు, కూలీలున్నారు, న్యాయాధిపతులున్నారు, దొంగలున్నారు. వారందరికిని ఒకే తలవ్రాతయా?

"పేరు మార్చిన తరువాత నాకు మేలు కలిగెను గదా" అని ఒకరు చెప్పవచ్చును. పేరు మార్చుకొనినవారు వేలమంది ఉన్నప్పుడు కొందరికి ఉద్యోగము దొరకును, కొందరికి దొరకదు. దొరకినవాడు పదిమందికి చెప్పును. దొరకనివాడు సిగ్గుపడి ఊరకుండును. అతడు తిరిగి వచ్చి అడిగినను, క్రొత్త పేరును దినమునకు ఇన్నిమారులు వ్రాయలేదనియో, బ్యాంకు పుస్తకములో పాత పేరే యున్నదనియో, తప్పును అతనిమీదికే నెట్టుదురు. గెలిచినప్పుడు ఘనత అంకెది, ఓడినప్పుడు నింద మనుష్యునిది. తప్పగుటకు వీలేలేని విద్యలో నిజమగుటకును వీలులేదని జ్ఞాపకముంచుకొనుడి.

అక్షరములకు అంకెలు నియమించుట మన పెద్దలకు తెలియనిది కాదు. కటపయాది పద్ధతిని సంగీతము నేర్చినవారు ఎరుగుదురు. 72 మేళకర్త రాగముల పేళ్లలో మొదటి రెండక్షరములను బట్టి రాగపు సంఖ్య తెలియును. మేచకల్యాణిలో "మే" 5, "చ" 6. త్రిప్పి చదివినచో 65. ధీరశంకరాభరణములో "ధీ" 9, "ర" 2. త్రిప్పి చదివినచో 29. ఎంత చక్కని ఉపాయము! ఇది జ్ఞాపకమునకు సాయము. తప్పో ఒప్పో ఎవరైనను సరిచూడవచ్చును. 65వ రాగము పాడినవానికి అప్పులు తీరునని ఆ పెద్దలు చెప్పలేదు, అందుకు రుసుమును తీసికొనలేదు.

యంత్రముల సంగతియు తెలిసికొనదగినది. మూడేసి గడులు గల మూడు వరుసలలో 1 మొదలు 9 వరకు అంకెలు నింపి, అడ్డముగాను నిలువుగాను ఎటు కూడినను 15 వచ్చునట్లు చేసినచో అది సూర్యయంత్రమని రాగిరేకు మీద చెక్కి అమ్ముచున్నారు. తొమ్మిది అంకెల మొత్తము 45; వరుసలు మూడు; కాబట్టి వరుసకు 15 రావలసినదే. ఇది బడిపిల్లవాని కూడిక. ఆ గడులలో ప్రతి అంకెకును 6 చేర్చినచో వరుసకు 33 వచ్చును. దానికి శనియంత్రమని పేరు. సూర్యునికిని శనికిని నడుమనున్న భేదమంతయు ఆరు! ఇట్టి చదరములను గూర్చి నారాయణ పండితుడు 1356లో గణితకౌముది యను గ్రంథమున ఒక అధ్యాయమే వ్రాసెను. ఆయనకు అవి గణితము. ఆయన విడిపించిన లెక్కను మనము తాయెత్తులో బంధించితిమి.

"సరే, ఇది అబద్ధమే కావచ్చును, కాని దానివలన నష్టమేమి? మనస్సునకు కొంచెము ధైర్యము కలుగును గదా" అని మీరు అడుగుదురు. ఇది న్యాయమైన ప్రశ్న. కడుపు నొప్పించుకొని పెంచిన బిడ్డకు ఉద్యోగము లేనప్పుడు, ఇంటి అప్పు మెడమీద నున్నప్పుడు, పైయధికారి పిలిచి రేపటినుండి రావద్దని చెప్పినప్పుడు, ధైర్యమును వెదకుకొనువానిని నేను ఎగతాళి చేయను. కాని వానికి అమ్మబడుచున్నది ధైర్యమా? ముందుగా వానికి లేని భయమును ఇంటికి తెచ్చి ఇచ్చి, ఆ తరువాత దానికి మందు అమ్ముచున్నారు. 8 అనగా శని యని చెప్పకముందు వాడు ఎన్నడైనను 8ని చూచి వణకెనా?

నష్టము మొదట ధనములో కనబడును. ఖైరతాబాదు రవాణా కార్యాలయమున 2024 ఆగస్టులో 9999 అను బండి సంఖ్య వేలములో 25 లక్షల 50 వేల రూపాయలకు పైగా పలికెను. అట్టి సంఖ్యలను కొందరు గొప్పకొరకు కొందురు, అనేకులు అదృష్టముకొరకు కొందురు. నాలుగు తొమ్మిదులను కూడగా 36, దానిని కూడగా మరల 9 అని వారి సంతోషము. వెయ్యి రూపాయల హెల్మెటు చొప్పున ఆ ధనముతో 2,500 తలలకు రక్షణ దొరకియుండును. సంఖ్య బండికి తగిలించబడును. ఎముక మాత్రము మనుష్యునిది.

పిమ్మట నష్టము ఒడిలోని శిశువునకు తగులును. 2019 నుండి 2021 వరకు జరిగిన జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే లెక్కలలో తెలంగాణములోని కాన్పులలో నూటికి 60కి పైగా శస్త్రచికిత్సతో జరిగినవి; ప్రైవేటు ఆసుపత్రులలో నూటికి 81కి పైగా. దీనికి కారణములు అనేకములు కలవు. అన్నిటిని ముహూర్తము మీద మోపుట న్యాయము కాదు. అయినను, ఫలాని తేదీని ఫలాని గడియకు బిడ్డను తీయవలెనని కోరు కుటుంబములు ఎన్నియో కలవని వైద్యులే చెప్పుచున్నారు. అవసరము లేనప్పుడు 39 వారములు నిండకముందు బిడ్డను బయటికి తీసినయెడల ఊపిరితిత్తులకు కష్టము కలుగవచ్చునని వైద్యశాస్త్రము హెచ్చరించుచున్నది. 39 అను అంకె గర్భము యొక్క నిజమైన లెక్క. దానిని విడిచి, కాలెండరు మీది అంకెను పట్టుకొని, ఇంకను పండని కాయను కోయుట తల్లిదండ్రుల ప్రేమయా?

ఇంతకంటె లోతైన నష్టము ఇంకొకటి కలదు. ఇంటికి వచ్చిన కోడలి పేరు 4కు దిగినదనుకొనుడి. ఆ సంవత్సరమే మామగారికి వ్యాపారములో నష్టము వచ్చినదనుకొనుడి. ఇక ఆ పిల్ల ఏమి చేసినను ఆమె రాహువే. ఆమె వంట, ఆమె మాట, ఆమె నడక, అన్నియు ఆ అంకె గుండనే చూడబడును. అంకె ఒక పరదా వలె మనుష్యుని ముఖమునకు అడ్డము వచ్చును. లెక్క తప్పినచో దిద్దుకొనవచ్చును. ముఖము చూచుట మానినచో ప్రేమించుటయు మానుదుము. చదువరీ, ఈ వ్యాసమంతటిలో మీరు ఒక్క మాట మాత్రమే జ్ఞాపకముంచుకొనగలిగినచో ఈ మాటను ఉంచుకొనుడి. కష్టమునకు కారణము రహస్యమైన గురుతులో దాగియున్నదని నమ్మినవాడు, ఆ గురుతును ధరించిన మనుష్యుని కొరకు వెదకక మానడు.

ఈ వెదకుట ఎంతవరకు పోవునో మన ప్రాంతములోనే చూచితిమి. పేరులో అక్షరము చేర్చుకొనినవాడు నరహత్య చేయునని నేను చెప్పుట లేదు. కాని మెట్లు వేరైనను మేడ ఒక్కటే. తెలంగాణములో బాణామతి, కోస్తాలో చిల్లంగి, అన్నిచోట్ల చేతబడి అని చెప్పబడు భయము ఆ మేడ మీదిదే. గుమ్మము ముందు నిమ్మకాయ, పసుపుకుంకుమల ముగ్గు, గ్రుచ్చిన బొమ్మ కనబడగానే, గీసినదెవరు అను ప్రశ్న పుట్టును. ప్రశ్న పుట్టగానే పొరుగువాని పేరు పుట్టును. 2019 సెప్టెంబరులో శామీర్‌పేట మండలములోని అద్రాస్‌పల్లిలో, జబ్బుతో చనిపోయిన ఒక స్త్రీ చితిమీదనే, ఆమెకు చేతబడి చేసెనను అనుమానముతో ఒక యువకుని దహించిరి. 2022 జనవరిలో జగిత్యాలలో, మంత్రములు వేయుచున్నారను అనుమానము మీద తండ్రిని, ఇద్దరు కుమారులను పట్టపగలు పొడిచి చంపిరి.

ఇది పల్లెటూరివారి అజ్ఞానమని పట్టణపువారు తప్పించుకొనవలదు. 2018 జనవరి 31 సంపూర్ణ చంద్రగ్రహణపు రాత్రి. మరునాడు ఉప్పల్ చిలుకానగర్‌లో ఒక ఇంటి డాబా మీద పసిబిడ్డ తల కనబడెను. గ్రహణపు పూజలో ఆ శిశువును బలి ఇచ్చిరని పోలీసులు తెలిపిరి. అది అడవి కాదు, మెట్రో రైలు పోవుచుండిన హైదరాబాదు. చదువు చాలునందురా? 2021 జనవరి 24 రాత్రి మదనపల్లెలో, ఉన్నతవిద్య నేర్చి ఇతరులకు చదువు చెప్పిన తలిదండ్రులు తమ ఎదిగిన కుమార్తెలనిద్దరిని చంపిరి. తెల్లవారగానే కలియుగము ముగిసి సత్యయుగము ఆరంభమగుననియు, బిడ్డలు తిరిగి లేచెదరనియు వారు నమ్మిరి. వారికి మనోవ్యాధి చికిత్స అవసరమని వైద్యులు పిమ్మట నిర్ణయించిరి. ఇక్కడ ఒక్క నిమిషము ఆగి ఆలోచించుడి. వ్యాధిని భక్తియని ఎంచు సమాజములో రోగిని వైద్యుని యొద్దకు తీసికొనిపోవువాడెవడు? యుగముల లెక్కలను, సూచనలను గొప్ప జ్ఞానమని మెచ్చుకొనుచుండు మనమందరము, ఆ ఇంటి తలుపు వెలుపల నిలిచి చూచుచుండినవారమే.

ఇది ఒక మతమువారిని నిందించుటకు వ్రాసినది కాదు. ఈ భయముతో పోరాడిన మొదటి తెలుగువారిలో కందుకూరి వీరేశలింగము పంతులుగారున్నారు. 1848లో పుట్టి 1919లో గతించిన ఆ మహనీయుడు దయ్యముల భయమును, మంత్రగాండ్ర మోసమును తన కలముతో బట్టబయలు చేసెను. 1940లో కృష్ణాజిల్లా ముదునూరులో నాస్తిక కేంద్రమును స్థాపించిన గోరా గారు దేవుడు లేడనెను. ఆ మాటలో మనము ఆయనతో ఏకీభవింపము. కాని మూఢభయమును పోగొట్టుటకు నిప్పులమీద నడచుట మహత్తు కాదని జనుల యెదుట చూపుటలో ఆయన వారు మనలో అనేకులకంటె ముందు నడచిరి. ఇది మనము సిగ్గుపడవలసిన సంగతి.

మన ఇంటిలోనే ఈ పులిసిన పిండి లేదా? 13వ అంతస్తులో ఇల్లు వద్దనువారు మన సంఘములలో లేరా? 666 అను అంకె గల టెలిఫోను సంఖ్యను చూచి ఉలికిపడువారు లేరా? ఆ సంఖ్య హెబ్రీ అక్షరములలో వ్రాసిన నీరో చక్రవర్తి పేరునకు సరిపోవుచున్నదని పండితులనేకులు చెప్పుచున్నారు; కొన్ని ప్రాచీన ప్రతులలో అది 616 అనియు ఉన్నది. హింసింపబడుచుండిన సంఘమునకు ధైర్యము చెప్పుటకు వ్రాయబడినదానిని మనము బండి సంఖ్యలకు భయపడుటకు వాడుచున్నాము. ప్రభువు రాకడ దినమును లెక్కించి చెప్పినవారు ఎందరు! అమెరికాలో విలియము మిల్లరు లెక్కలను నమ్మినవారు 1844 అక్టోబరు 22న కనిపెట్టుకొనియుండి, కన్నీటితో ఇండ్లకు మరలిరి. హెరాల్డు క్యాంపింగు 2011 మే 21 అని చాటించెను. ఆ దినమును ఇతర దినముల వలెనే అస్తమించెను. కారు అద్దమునకు సిలువను వ్రేలాడదీసి, అది ప్రమాదమును ఆపునని తలంచి, వేగమును తగ్గించుకొనని డ్రైవరు ధరించినది సిలువ కాదు, తాయెత్తే. ప్రార్థించిన నూనె సీసా ఉన్నదని మధుమేహపు మాత్రలు మానినవాని సంగతియు ఇదే. పొరుగువాని యంత్రమును విమర్శించుటకు ముందు మన గోడమీదిదానిని దించుదము.

పూర్వము ఎఫెసు పట్టణమువారు ఈ విద్యలో పేరు మోసినవారు. ఎఫెసు అక్షరములని ఆరు మాటలు లోకమంతట ప్రసిద్ధి నొందియుండెను. వాటికి అర్థము లేదు; అర్థము లేకపోవుటయే వాటి మహిమ. వాటిని సంచులలో కుట్టి కట్టుకొనువారు, దయ్యము పట్టినవారిమీద పలుకువారు. అట్టి పట్టణములో అపొస్తలుల కార్యముల 19వ అధ్యాయములో చెప్పబడిన కార్యము జరిగెను. మాంత్రిక విద్య అభ్యసించినవారు తమ పుస్తకములను తెచ్చి అందరియెదుట కాల్చివేసిరి; వాటి వెల లెక్క చూడగా 50 వేల వెండి నాణెములాయెను. ఒక్కొక్క నాణెము ఒక కూలివాని దినపు కూలియని చెప్పుదురు. వారు ఆ పుస్తకములను అమ్మియుండవచ్చును. కొనువారు ఊరినిండ నున్నారు. కాని తాము విడిచిన సంకెళ్లను ఇంకొకని కాళ్లకు తగిలించి సొమ్ము చేసికొనుట వారి మనస్సు ఒప్పలేదు. గమనించితిరా? కాల్చినవారు ఇతరుల పుస్తకములను కాల్చలేదు. తమవాటినే తెచ్చుకొనిరి.

కాబట్టి మనము చేయదగినదేమి? పేరు మార్చుకొనుమని ఎవరైనను చెప్పినప్పుడు మూడు ప్రశ్నలు అడుగుడి. ఏ పట్టిక చొప్పున? ఏ కాలెండరు చొప్పున? ఫలింపనియెడల రుసుము తిరిగి ఇత్తురా? తాయెత్తుతోను, మంత్రముతోను, కవచముతోను రోగములు కుదుర్చుదుమని ప్రకటించుటను నిషేధించు చట్టము మన దేశములో 1954లోనే చేయబడెను. మహారాష్ట్రము 2013లోను, కర్ణాటకము 2017లోను నరబలి, చేతబడి మొదలగు దురాచారములకు విరోధముగా ప్రత్యేక చట్టములు చేసినవి. మహారాష్ట్రములో దానికొరకు ఏండ్ల తరబడి పనిచేసిన డాక్టరు నరేంద్ర దాభోల్కరు 2013 ఆగస్టు 20న పూణెలో కాల్చి చంపబడిన తరువాతనే ఆ చట్టము వచ్చెను. అంత వెల చెల్లింపబడిన సంగతిని మనము తేలికగా ఎంచరాదు. మీ వీధిలో ఒక ముసలమ్మను మంత్రగత్తె యని చెవులు కొరుకుకొనుచుండిరని వినినయెడల ఆమె ఇంటికి పోయి, అందరు చూచుచుండగా కూర్చుండి, ఆమె చేతి మంచినీళ్లు త్రాగుడి. వంద ఉపన్యాసములకంటె ఆ గ్లాసు నీళ్లు గొప్ప వాదము.

అంకెను ద్వేషింపవద్దు. అంకె దేవుడు మనుష్యునికిచ్చిన మంచి పనికత్తె. జ్వరము 103 అని చెప్పునది అంకె. గర్భమునకు 39 వారములు కావలెనని చెప్పునది అంకె. అప్పు ఎంత, జీతమెంత అని దాపరికము లేకుండ చెప్పునది అంకె. 2005 ఆగస్టు 15న హైదరాబాదులో ఆరంభమైన 108 వాహనము గాయపడినవానిని ఆసుపత్రికి చేర్చుచున్నది. మనస్సు క్రుంగినవారు, తమకేదో చేయబడెనని తలంచి నిద్ర లేనివారు, 14416 అను టెలిమానస్ సంఖ్యకు ఫోను చేసినచో వినువారున్నారు; ఎర్రగడ్డలో మానసిక వైద్యశాల ఉన్నది. 14416ను కూడినచో 7 వచ్చును, కేతువని వారు చెప్పుదురు గాక! ఆ సంఖ్యకు అవతల ఒక మనుష్యుడు మాటలాడును, రాగిరేకు మాటలాడదు.

మీ బిడ్డను మీరు పెట్టిన పేరుతోనే పిలువుడి. ఆ పేరును దాని అక్షరములు కూడకయే ఎరిగిన తండ్రి పరలోకమందున్నాడు. భయము మీ గడపలోనికి అంకె వేషము వేసికొని వచ్చినప్పుడు, దానిని లెక్క అడుగుడి. లెక్క చెప్పలేనిదానికి మీ ఇంట చోటియ్యకుడి.